స్టేషన్‌కు రమ్మని పదే పదే ఫోన్లా? కోర్టు ఇచ్చే రక్షణ ఇదీ

‘ఒకసారి స్టేషన్‌కు వచ్చి వెళ్లండి’ అని ఫోన్ వస్తుంది. వెళ్తే సాయంత్రం దాకా కూర్చోబెట్టి, రేపు మళ్లీ రమ్మంటారు. నోటీసు ఇవ్వరు, కేసేంటో చెప్పరు. ఇలాంటప్పుడు కోర్టుకు వెళ్లొచ్చా? వెళ్లొచ్చు. అయితే కోర్టు సాధారణంగా దర్యాప్తును ఆపదు, దాన్ని చట్టప్రకారం చేయమని మాత్రం పోలీసులను ఆదేశిస్తుంది.

మిమ్మల్ని ఎందుకు పిలిచారు?

సాక్షిగానా, నిందితుడిగానా అన్నది ముందు అడగండి. 2024 జులై 1 నుంచి సీఆర్‌పీసీ స్థానంలో భారతీయ నాగరిక్ సురక్షా సంహిత (బీఎన్ఎస్ఎస్) అమల్లో ఉంది.

* సాక్షి అయితే: సెక్షన్ 179 కింద రాతపూర్వకంగా పిలవాలి. మహిళలు, 15 ఏళ్లలోపు బాలురు, 60 ఏళ్లు దాటిన పురుషులు, దివ్యాంగులు, తీవ్ర అనారోగ్యంతో ఉన్నవారిని స్టేషన్‌కు రమ్మని బలవంతం చేయకూడదు. వారుండే చోటే విచారించాలి.
* నిందితుడైతే: అరెస్టు అవసరం లేని కేసుల్లో సెక్షన్ 35(3) నోటీసు ఇవ్వాలి. పాత 41ఏ నోటీసు ఇదే. దీన్ని వాట్సాప్‌లో పంపితే చెల్లదని సుప్రీంకోర్టు 2025లో స్పష్టం చేసింది. నోటీసు ప్రకారం హాజరవుతున్నంత కాలం, కారణాలు నమోదు చేయకుండా అరెస్టు చేయకూడదు. హాజరు కాకపోతే మాత్రం అరెస్టు చేయొచ్చు. కాబట్టి నోటీసు అందితే తప్పక వెళ్లండి.

ఏడేళ్లలోపు జైలుశిక్ష పడే కేసుల్లో యాంత్రికంగా అరెస్టులు చేయొద్దని అర్నేష్ కుమార్ కేసులో సుప్రీంకోర్టు 2014లో చెప్పింది. దీన్ని ఉల్లంఘించే అధికారులపై శాఖాపరమైన చర్యలతో పాటు కోర్టు ధిక్కార చర్యలూ ఉంటాయని హెచ్చరించింది.

ఏ సమస్యకు ఏ కోర్టు?

* అరెస్టు భయం ఉంటే: సెక్షన్ 482 కింద సెషన్స్ కోర్టులో గానీ, హైకోర్టులో గానీ ముందస్తు బెయిల్ అడగొచ్చు. బెయిల్ వచ్చినా విచారణకు సహకరించాలి.
* నోటీసు లేకుండా వేధిస్తుంటే: రాజ్యాంగంలోని 226 అధికరణ కింద హైకోర్టులో రిట్ పిటిషన్ వేయొచ్చు. తెలంగాణ వారు హైదరాబాద్‌లో, ఏపీ వారు అమరావతిలో ఉన్న హైకోర్టును ఆశ్రయించాలి.
* కేసుకే ఆధారం లేదనుకుంటే: ఎఫ్ఐఆర్ కొట్టేయాలని సెక్షన్ 528 కింద హైకోర్టును కోరవచ్చు.
* ఇంట్లోవారిని తీసుకెళ్లి ఎక్కడున్నారో చెప్పకపోతే: హైకోర్టులో హెబియస్ కార్పస్ పిటిషన్ వేయొచ్చు. అరెస్టు చేసిన 24 గంటల్లోపు మెజిస్ట్రేట్ ముందు హాజరుపరచాలి, ప్రయాణ సమయం ఇందులో కలవదు. కొట్టి ఉంటే ఆ విషయం మెజిస్ట్రేట్‌కు అక్కడే చెప్పండి.

ఆధారాలు దాచుకోండి

నోటి మాటతో రిట్ నిలబడటం కష్టం. ఏ రోజు, ఏ టైమ్‌కు పిలిచారు, ఎంతసేపు ఉంచారు, ఎవరు మాట్లాడారు అన్నవి రాసిపెట్టుకోండి. కాల్ లిస్ట్ స్క్రీన్‌షాట్లు తీసుకోండి. ఎస్పీకి గానీ, పోలీస్ కమిషనర్‌కు గానీ రాతపూర్వకంగా ఫిర్యాదు చేసి రసీదు దగ్గర పెట్టుకోండి. అన్ని స్టేషన్లలో సీసీ కెమెరాలు పెట్టాలని సుప్రీంకోర్టు 2020లో ఆదేశించింది. ఆ రోజు ఫుటేజీని భద్రపరచాలని ఫిర్యాదులోనే కోరండి.

విచారణ గదిలో..

అరెస్టయిన వ్యక్తి విచారణ సమయంలో తనకు నచ్చిన లాయర్‌ను కలవొచ్చు. అయితే లాయర్ మొదటి నుంచి చివరి దాకా పక్కనే ఉండే హక్కు లేదు. మిమ్మల్ని నేరంలో ఇరికించే ప్రశ్నలకు జవాబు చెప్పాల్సిన పనిలేదు. తెల్లకాగితంపై సంతకం చేయొద్దు.

లాయర్ ఫీజు కట్టలేకపోతే?

15100 నంబర్‌కు ఫోన్ చేయండి. మహిళలకు, ఎస్సీ, ఎస్టీలకు, కస్టడీలో ఉన్నవారికి ఆదాయంతో పనిలేకుండా న్యాయ సేవాధికార సంస్థ ఉచితంగా లాయర్‌ను ఇస్తుంది.

ఒక్క జాగ్రత్త: వీడియో కాల్‌లో ‘డిజిటల్ అరెస్టు’ అంటూ బెదిరిస్తే అది మోసమే. అలాంటి అరెస్టు మన చట్టంలో లేదు. వెంటనే కాల్ కట్ చేసి 1930కి ఫిర్యాదు చేయండి.