బర్నబీ కొండ మీదికి లూమియేర్ రైలు

1896 జూలై 7న బొంబాయి వాట్సన్ హోటల్లో లూమియేర్ సోదరుల కదిలే బొమ్మలు ఆడాయి. వాటిలో ఒకటి స్టేషన్‌కు రైలు రావడం. 1979లో కెనడా పడమటి తీరంలో ఒకాయన ఆ లూమియేర్ రైలును తన చిత్రంలో మళ్లీ స్టేషన్‌కు రప్పించాడు. పేరు అల్ రజూటిస్. అప్పటికి బర్నబీ కొండ మీది సైమన్ ఫ్రేజర్ విశ్వవిద్యాలయంలో సినిమా పాఠాలు చెబుతున్నాడు.

పుట్టింది 1946లో, జర్మనీలోని బాంబెర్గ్‌లో. అమెరికాలో పెరిగి, 1968లో వాంకూవర్ చేరాడు. సినిమాకు కెమెరా ఒక్కటే చాలదనుకున్న మనిషి. 1972 నుంచి 1977 దాకా ‘విజువల్ ఆల్కెమీ’ అనే స్టూడియో నడిపాడు. అక్కడ ఫిల్ము, వీడియో పక్కపక్కనే సాగేవి. లేజర్ వెలుగుతో లోతున్న బొమ్మను పట్టే హోలోగ్రఫీ కూడా ఆ గూటిదే.

నేతగాడు తన మగ్గాన్ని తానే బిగించుకున్నట్టు, పనిముట్లనూ తనే సమకూర్చుకున్నాడు. వాటిలో ముఖ్యమైంది ఆప్టికల్ ప్రింటర్. ఒకవైపు ప్రొజెక్టర్, ఎదురుగా కెమెరా. పాత రీలులోని ఒక్కో బొమ్మనూ ఆపి, కొత్త రీలు మీదికి మళ్లీ తీయాలి. సెకనుకు 24 బొమ్మల లెక్కన తెరమీద ఒక్క నిమిషానికి 1,440 సార్లు ఆ పని. రంగు మార్చాలన్నా, వేగం తగ్గించాలన్నా, ఒక దృశ్యం మీద ఇంకొకటి పరచాలన్నా అక్కడే. 1973 నాటి ‘98.3 కిలోహెర్ట్జ్: బ్రిడ్జ్ ఎట్ ఎలక్ట్రికల్ స్టార్మ్’లో వంతెన మీద కారు ప్రయాణం వీడియో రంగుల్లో కరిగిపోతుంది.

1979 నాటి ఆ రైలు చిత్రం ‘లూమియేర్స్ ట్రెయిన్’లోనూ అదే చేయి కనిపిస్తుంది. లూమియేర్ రైలుతో పాటు, దర్శకుడు ఏబెల్ గాన్స్ తీసిన ‘లా రూ’లోని రైళ్లనూ, వార్నర్ బ్రదర్స్ పొట్టి చిత్రంలోని ప్రమాదాలనూ కలిపాడు. నెగెటివ్, పాజిటివ్ మినుకుమినుకుమంటూ మారుతుంటే, రైలు ఎంతకీ ఆగదు. ఈ చిత్రం ‘విజువల్ ఎస్సేస్’ అనే వరుసలోది; పాత దర్శకులు మెలియెస్ మాయలు, ఐసెన్‌స్టీన్ విప్లవం కూడా అందులోకే వచ్చాయి. సినిమా చరిత్రను కాగితం మీద కాక సినిమాలోనే రాయడం ఆయన పద్ధతి.

అదే ఏడాది తీసిన ‘ఎ మెసేజ్ ఫ్రమ్ అవర్ స్పాన్సర్’ మాత్రం చిక్కు తెచ్చింది. వాణిజ్య ప్రకటనల మధ్య అశ్లీల దృశ్యాలను పెట్టి, రెండూ అమ్మేది ఒకే కోరికనని చూపాడు. ఆంటారియో సెన్సార్ బోర్డు అడ్డుకుంది. 1972లో మొదలుపెట్టి 1983 దాకా పెంచుకుంటూ పోయిన ‘అమెరికా’ అనే చిత్రంలో ఇదీ చేరింది.

1987లో రజూటిస్ విశ్వవిద్యాలయం వదిలాడు. పనిముట్లు తనే సమకూర్చుకున్న ఆ మనిషి వెళ్లిన ఏడాదే, అదే బర్నబీలోకి పెద్ద సెట్ల సినిమా వచ్చింది: ఒకప్పుడు వంతెనల ఉక్కు భాగాలు చేసిన డొమినియన్ బ్రిడ్జ్ కార్ఖానా ‘బ్రిడ్జ్ స్టూడియోస్’గా తలుపులు తెరిచింది. అమెరికన్ టీవీ సీరియల్ ‘మెగైవర్’ బృందం లారీలతో, దీపాలతో, సెట్లతో అక్కడికి దిగింది.