వాబాష్ ఒడ్డున స్వర్గం

పర్డ్యూ యూనివర్సిటీకి చదువుకోవడానికి వచ్చే తెలుగు పిల్లలకు వాబాష్ నది బాగా తెలుసు. ఆ నదే దక్షిణాన ఇండియానా, ఇల్లినాయిస్ రాష్ట్రాలకు సరిహద్దయిన చోట న్యూ హార్మొనీ అనే చిన్న ఊరుంది. 1872లో పర్డ్యూకు మొదటి అధ్యక్షుడైన రిచర్డ్ ఓవెన్‌ది ఆ ఊరే. అమెరికా సైన్సు అనగానే ఎడిసన్, సిలికాన్ వ్యాలీ గుర్తొస్తాయి. స్వర్గాన్ని భూమ్మీదికి దించుదామని బయల్దేరినవాళ్ల పాత్ర అందులో ఎంతుందో ఈ ఊరి కథ చెబుతుంది.

ఊరు కట్టింది జర్మన్ భక్తులు. వాళ్ల గురువు జార్జ్ రాప్ ఒకప్పటి నేతగాడు. క్రీస్తు తమ జీవితకాలంలోనే మళ్లీ వస్తాడని ఆయన నమ్మకం. సొంత ఆస్తులు వదిలి, బ్రహ్మచర్యం పట్టి, 1814లో వాళ్లు ఈ అడవిలో దిగారు. మొదటి ఏళ్లలో మలేరియా చాలామందిని బలి తీసుకుంది. అయినా పదేళ్లలో ఇటుక ఇళ్లు, మిల్లులు, ద్రాక్షతోటలు, అచ్చు యంత్రం వరకూ సమకూర్చుకున్నారు. చెక్క పేళ్లకు గడ్డీ బంకమట్టీ చుట్టి గోడల సందుల్లో, అంతస్తుల మధ్య కూరేవారు. చలి లోపలికి రాకుండా అదే అడ్డు. ప్రభువు రేపో మాపో వస్తాడనుకుంటూనే ఇళ్లు మాత్రం తరాల పాటు నిలిచేలా కట్టారు.

1825లో ఊరినీ, చుట్టూ ఉన్న వేల ఎకరాల భూమినీ అమ్మేసి పెన్సిల్వేనియాకు వెళ్లిపోయారు. కొన్నది రిచర్డ్ తండ్రి రాబర్ట్ ఓవెన్. వేల్స్‌లో పుట్టి, స్కాట్లండ్‌లోని న్యూ లానార్క్ నూలు మిల్లులతో సంపన్నుడైనవాడు. మతమంటే గిట్టదు. 1826 జులై 4న సొంత ఆస్తి, మతం, అప్పటి పెళ్లి పద్ధతి మనిషికి పట్టిన మూడు పీడలని ఇక్కడే ప్రకటించాడు. కానీ ఆయన మాటల్లోనూ పాత కల మారలేదు: అన్యాయం లేని కొత్త యుగం దగ్గర పడింది! రాప్ దాన్ని దేవుడి మీద వదిలేస్తే, ఓవెన్ బడి మీద పెట్టాడు.

అందుకే బడిపంతుళ్లతో పాటు శాస్త్రవేత్తలనూ రప్పించాడు. 1825 డిసెంబరులో పిట్స్‌బర్గ్ నుంచి ఒక పడవ బయల్దేరి, ఓహైయో నదిలో మంచుకు చిక్కి వారాల తరబడి కదల్లేదు. అందులో అమెరికా భూగర్భ పటాన్ని 1809లోనే అచ్చువేసిన విలియం మెక్లూర్, కీటకాల శాస్త్రవేత్త థామస్ సే, చేపల బొమ్మలు గీసే ఫ్రెంచివాడు లెస్యూర్ ఉన్నారు. దానికి విజ్ఞానపు పడవని పేరు వచ్చింది.

ఓవెన్ పెట్టిన సమాజం మాత్రం 1827కల్లా చెల్లాచెదురైంది. అడిగినవాళ్లందరినీ చేర్చుకున్నారు. చర్చించేవాళ్లు ఎక్కువై, నాగలి పట్టేవాళ్లు తక్కువయ్యారు. ఓవెన్ ఆస్తిలో చాలాభాగం హరించుకుపోయింది.

శాస్త్రవేత్తలు కొందరు ఉండిపోయారు. థామస్ సే అమెరికా నత్తగుల్లల మీద ఇక్కడే పుస్తకం అచ్చువేయించాడు. అందులో చాలా బొమ్మలు గీసింది భార్య లూసీ. ఓవెన్ కొడుకుల్లో డేవిడ్ డేల్ భూగర్భ శాస్త్రవేత్త అయ్యాడు. 1839 శరదృతువులో వందమందికి పైగా సహాయకులను వెంటేసుకుని అయోవా, విస్కాన్సిన్, ఇల్లినాయిస్‌లలోని ఖనిజ భూములను రెండు నెలల్లో సర్వే చేసి వచ్చాడు. తర్వాత జర్మన్ భక్తులు ధాన్యం దాచుకున్న రాతి గిడ్డంగే ఆయన ప్రయోగశాల అయింది. అన్న రాబర్ట్ డేల్ కాంగ్రెస్‌కు వెళ్లాడు. జేమ్స్ స్మిత్‌సన్ అనే ఆంగ్లేయుడు రాసిచ్చిన సొమ్మును ఏం చేయాలో తేల్చుకోలేక సభ ఏళ్ల తరబడి తగువులాడుతుంటే, బిల్లు పెట్టి 1846లో స్మిత్‌సోనియన్ సంస్థకు దారి వేశాడు. పంతుళ్లకు శిక్షణ ఇచ్చే కళాశాలను కూడా అందులో చేర్చాలని చూశాడు గానీ తోటి సభ్యులు దాన్ని కొట్టేశారు.

మెక్లూర్ 1838లో న్యూ హార్మొనీలో కార్మికుల కోసం పెట్టిన గ్రంథాలయం నేటికీ నడుస్తోంది. రెండేళ్ల తర్వాత ఆయన పోయాడు. కూలిపని చేసేవాళ్లు కూడి వంద పుస్తకాలు పోగుచేస్తే, వాళ్ల గ్రంథాలయానికి 500 డాలర్లు ఇవ్వాలని వీలునామాలో రాశాడు. ఆ డబ్బుతో ఒక్క ఇండియానాలోనే వందకు పైగా గ్రంథాలయాలు వెలిశాయి.