రంగుల కెమేరాకు కుట్టిన దుస్తులు

దుకాణంలో దీపాల వెలుగున ఎంచుకొన్న చీరను ఇంటికి తెచ్చి ఎండలో విప్పి చూస్తే, అది వేరొక రంగుగా కనిపించడం చాలామందికి అనుభవమే. చీర మారలేదు, దానిమీద పడిన వెలుగు మారినది. రంగు అనునది వస్తువులో మాత్రమే ఉండే గుణం కాదు. పడే కాంతి, ఆ కాంతిలో కొంత భాగాన్ని పీల్చుకొని మిగిలినదానిని పరావర్తనం చేసే వస్తువు, చూసే కన్ను - ఈ మూడూ కలిస్తేనే రంగు ఏర్పడుతుంది. కన్నుకు బదులు కెమేరా చూస్తున్నప్పుడు ఈ లెక్క మరింత చిక్కుపడుతుంది. ఆ చిక్కును విప్పడానికి దర్జీలు, వడ్రంగులు, చిత్రకారులు, రసాయన నిపుణులు ఎంత శ్రమపడవలసి వచ్చినదో తెలుసుకోవడానికి, 1939లో అమెరికాలో విడుదలైన 'ది విజార్డ్ ఆఫ్ ఓజ్' అనే సంగీత చిత్రం చక్కని ఉదాహరణ.

ఎల్. ఫ్రాంక్ బౌమ్ 1900లో ప్రచురించిన పిల్లల కథ దీనికి మూలం. కాన్సస్ మైదానంలో నివసించే డొరతీ అనే బాలిక సుడిగాలిలో చిక్కుకొని ఓజ్ అనే మాయాలోకంలో పడుతుంది. ఒక గడ్డిబొమ్మ, ఒక రేకుమనిషి, ఒక పిరికి సింహం ఆమెకు తోడవుతారు. పసుపు ఇటుకల బాట వెంట నడచి వారు మరకత నగరానికి చేరుకొంటారు. బౌమ్ తన కథలో కాన్సస్‌ను బూడిదరంగు ప్రదేశంగా వర్ణించినాడు. అందుచేత చిత్ర నిర్మాతలకు ఒక మంచి ఉపాయం తోచినది. కాన్సస్ దృశ్యాలను నలుపు తెలుపులలో తీసి, గోధుమ ఛాయలో ముద్రించినారు. ఓజ్ దృశ్యాలను మాత్రం నిండు రంగులలో తీసినారు.

ఆ రంగులకు ఆధారం టెక్నికలర్ పద్ధతి. దాని కెమేరాలో కటకం వెనుక ఒక పట్టకపు అమరిక ఉండేది. లోపలికి వచ్చిన కాంతిని అది రెండు మార్గాలుగా చీల్చేది. ఒక మార్గంలోని ఫిల్ము ఆకుపచ్చ భాగాన్ని నమోదు చేసేది. రెండవ మార్గంలో ఒకదానికొకటి అంటుకొని నడిచే రెండు ఫిల్ములు నీలం, ఎరుపు భాగాలను నమోదు చేసేవి. ఈ మూడూ నలుపు తెలుపు ఫిల్ములే. రంగు వచ్చేది తరువాత. ఈ మూడింటినుండి మూడు అచ్చులు తయారుచేసి, ఒక్కొక్కదానిని ఒక్కొక్క రంగులో ముంచి, ఒకే ఫిల్ముమీద వరుసగా అద్దేవారు. మచిలీపట్నంలో కలంకారీ అద్దకం పనివారు రంగుకొక చెక్క అచ్చును వాడడం చూసినవారికి ఈ పద్ధతి సులభంగా బోధపడుతుంది.

ఈ విధానానికి ఒక పెద్ద లోపం ఉండేది. వచ్చిన కాంతిని ఇన్ని భాగాలుగా పంచడంవల్ల ఒక్కొక్క ఫిల్ముకు చేరేది స్వల్పమే. ఆనాటి ఫిల్ముల గ్రహణశక్తి కూడా తక్కువే. కనుక రంగస్థలాన్ని బ్రహ్మాండమైన ఆర్కు దీపాలతో నింపవలసి వచ్చేది. 1938 అక్టోబరునుండి 1939 మార్చి వరకు సాగిన చిత్రీకరణలో, లోపలి ఉష్ణోగ్రత తరచు 38 సెంటీగ్రేడు డిగ్రీలను దాటిపోయేది. పిరికి సింహం పాత్ర ధరించిన బెర్ట్ లార్ ఆ వేడిలో నిజమైన సింహపు తోలుతో కుట్టిన బరువైన దుస్తులు వేసుకొని ఆడి పాడవలసి వచ్చినది.

దుస్తుల రూపకల్పన బాధ్యత ఏడ్రియన్‌ది. కళాదర్శకత్వ విభాగానికి అధిపతి సెడ్రిక్ గిబ్బన్స్. ఒక బట్ట కంటికి ఎలా కనిపిస్తుందన్నది వీరికి చాలదు. తెరమీద ఎలా పడుతుందో చూడాలి. ఉదాహరణకు తెలుపును తీసుకొందాం. అంత తీవ్రమైన వెలుగులో స్వచ్ఛమైన తెల్లని గుడ్డ మడతలూ నీడలూ కనిపించకుండా వెలిగిపోతుంది. అందుచేత టెక్నికలర్ చిత్రాలకు తెల్లబట్టలను ముందుగానే కొంచెం మసక ఛాయకు అద్దేవారు. తెరమీద అవే తెల్లగా కనిపించేవి. డొరతీ పాదరక్షల కథ కూడా ఇటువంటిదే. బౌమ్ పుస్తకంలో అవి వెండివి. రంగుల తెరమీద పసుపు బాటకు ఎదురుగా నిలిచి మెరిసేది ఎరుపు. కనుక చిత్రకథలో వాటిని కెంపుల పాదరక్షలుగా మార్చినారు.

కాన్సస్‌నుండి ఓజ్‌లోకి డొరతీ అడుగుపెట్టే ఘట్టం చూసినవారు, అది ఏదో యంత్రపు మాయ అనుకొంటారు. నిజానికి అది రంగుడబ్బా, కుంచెల పని. ఇంటి లోపలి భాగాన్నంతా గోధుమ రంగులతో చిత్రించినారు. డొరతీకి బదులుగా నిలిచిన స్త్రీకి గోధుమ రంగు దుస్తులు తొడిగినారు. ఆమె తలుపు తెరచి పక్కకు తప్పుకొనగానే, నీలపు గళ్ళ దుస్తులతో జూడీ గార్లాండ్ అనే పదహారేళ్ళ నటి ముందుకు నడచి వచ్చినది. దృశ్యమంతా రంగుల కెమేరాతోనే తీసినది. సుడిగాలి కూడా ఇట్టిదే. సుమారు 35 అడుగుల పొడవైన మస్లిన్ గుడ్డను గొట్టంలా కుట్టి, పైనున్న క్రేనునుండి వేలాడదీసి తిప్పుతూ, దాని చుట్టూ మెత్తని మట్టి ధూళిని ఊదినారు. రంగులు మారే గుర్రాలకు తినే జెల్లీ పొడిని పూసినారు. అవి దానిని నాకివేయకుండా చూడడమే అక్కడి పనివారికి కష్టమైనది.

గుర్రాల విషయంలో పాటించిన ఈ జాగ్రత్త మనుషుల విషయంలో లోపించినది. రేకుమనిషి పాత్రను మొదట ధరించిన నటుడు బడ్డీ ఎబ్సెన్. లోహపు మెరుపుకోసం అతని ముఖంమీద అల్యూమినియం పొడిని చల్లినారు. అల్యూమినియం గిన్నెలో వండుకొని తింటున్నాము గదా, దానివల్ల ప్రమాదమేమని తోచవచ్చు. ముద్దగా ఉన్న లోహం వేరు, గాలిలో తేలే దాని సూక్ష్మరేణువులు వేరు. ఆ రేణువులు శ్వాసతోపాటు ఊపిరితిత్తులలోకి చేరినవి. కొద్ది దినాలలోనే ఎబ్సెన్ ఊపిరాడక ఆస్పత్రి పాలైనాడు. ఆ పాత్ర జాక్ హేలీకి దక్కినది. ఈసారి పొడికి బదులు అల్యూమినియంను లేపనంగా కలిపి పూసినారు. పదార్థం అదే, దాని రూపం మారినది, ప్రమాదం తగ్గినది. ఎబ్సెన్ కోలుకొని 2003 వరకు జీవించినాడు.

మాయలాడి పాత్ర ధరించిన మార్గరెట్ హామిల్టన్ అంతకుముందు చిన్నపిల్లలకు పాఠాలు చెప్పిన ఉపాధ్యాయిని. ఆమె ముఖానికి, చేతులకు పూసిన ఆకుపచ్చ రంగులో రాగి సమ్మేళనం ఉండేది. 1938 డిసెంబరు 23న, మంటా పొగా మధ్య ఆమె మాయమయ్యే దృశ్యాన్ని తీస్తుండగా, ఆమె నేలలోని రంధ్రంగుండా పూర్తిగా దిగకముందే మంట లేచినది. ముఖమూ, చేయీ కాలినవి. కాలిన చర్మంలోకి రాగి దిగకుండా ఆ రంగును వెంటనే ఆల్కహాలుతో తుడిచివేయవలసి వచ్చినది. ఆ బాధ ఎటువంటిదో ఊహించుకొనవచ్చు. సుమారు ఆరు వారాల తరువాత ఆమె తిరిగి వచ్చినది. నిప్పుతో కూడిన దృశ్యాలలో మాత్రం ఇక నటించనని ఖండితంగా చెప్పినది. పొగలు చిమ్మే చీపురుమీద ఆమెకు బదులుగా కూర్చున్న బెట్టీ డాంకో కూడా, ఆ చీపురు పేలి గాయపడినది.

మరి ఆ దుస్తులు ఏమైనవి? ఒక జత కెంపుల పాదరక్షలు 1979లో వాషింగ్టన్‌లోని జాతీయ అమెరికన్ చరిత్ర ప్రదర్శనశాలకు చేరినవి. ఒక్కొక్కదానిమీద రెండువేలకు పైగా చెమ్కీలు కుట్టి ఉన్నవి. కాలక్రమాన వాటి రంగు వెలిసిపోసాగినది. 2016లో ప్రదర్శనశాలవారు ప్రజలను సహాయం కోరగా, మూడు లక్షల డాలర్లకు పైగా సమకూరినది. పరిశీలనలో, చెమ్కీల నడుమ జెలటిన్, దానిపై వెండి పొర, ఆపైన రంగు కలిపిన సెల్యులోజ్ నైట్రేట్ పూత ఉన్నట్లు తేలినది. ఆ రోజులలో సినిమా ఫిల్ముకు ఆధారమైన పదార్థం కూడా సెల్యులోజ్ నైట్రేటే. కాంతి, తేమ, వేడి తగిలితే అది క్రమంగా క్షీణిస్తుంది. ఏ వెలుగులో మెరవడానికి ఆ పాదరక్షలు పుట్టినవో, ఆ వెలుగే వాటికి శత్రువైనది. అందుచేతనే నేడు వాటిని మసక వెలుతురులో, ఉష్ణోగ్రతనూ తేమనూ అదుపులో ఉంచిన పెట్టెలో భద్రపరచినారు.

ఈ చిత్రం కళాదర్శకత్వానికి ఆస్కార్ పోటీలో నిలిచినది. దుస్తుల రూపకల్పనకు ఆనాడు ఆ బహుమతే లేదు. 1948 నాటి చిత్రాలతో మాత్రమే అది మొదలైనది. తెరమీద కనబడిన వారి పేర్లు లోకానికి తెలిసినవి. రంగులు కలిపినవారూ, చెమ్కీలు కుట్టినవారూ చాలావరకు పేరు లేకుండానే మిగిలిపోయినారు.

ఒక పదార్థం ఎంత అందంగా కనిపిస్తుందన్నది సగం ప్రశ్న మాత్రమే. అది ఊపిరిలో చేరితే ఏమవుతుంది, నిప్పు తగిలితే ఏమవుతుంది, నలభై ఏళ్ళకు ఏమవుతుంది అన్నది మిగిలిన సగం. ఓజ్ చిత్రం తీసినవారు మొదటి సగానికి ప్రతిదినం కెమేరాముందు పరీక్ష పెట్టినారు. రెండవ సగానికి పరీక్ష మనుషుల శరీరాలమీదనే జరిగినది. పాఠశాల నాటకానికి పిల్లల ముఖాలకు రంగు పూసే ఉపాధ్యాయులు కూడా, డబ్బామీద ఏమి వ్రాసి ఉన్నదో చదివిన తరువాతనే మూత తీయడం మంచిది.