సాదా బైనామా నుండి రిజిస్టరు దస్తావేజు దాకా

బైనామా, రహన్‌నామా, కిరాయానామా, దస్తఖత్, రసీదు - ఈ మాటలు మన ఇళ్లలో తరతరాలుగా వింటున్నవే. అరబ్బీలో ‘బై’ అంటే అమ్మకం, ఫార్సీలో ‘నామా’ అంటే పత్రం. నిజాం పాలనలో కచేరీ భాష ఉర్దూ గనుక సూర్యాపేట, మిర్యాలగూడ, కోదాడ ప్రాంతాల తెలుగు రైతుల నోట కూడా ఇవే స్థిరపడినాయి. మాటలైతే నిలిచాయి గాని, ఏ కాగితానికి ఎంత బలమో మనలో చాలామందికి తెలియదు.

సాగర్ నీళ్లు రాకముందు ఇక్కడి మెట్ట భూములకు పెద్ద ధర లేదు. 1950 నాటి హైదరాబాద్ కౌలుదారీ చట్టం ప్రకారం వ్యవసాయ భూమి అమ్మాలంటే అధికారి అనుమతి కావాలి. ఆ తిరుగుడు, స్టాంపు ఖర్చు ఎందుకని తెల్లకాగితం మీద వ్రాసి, ఊరి పెద్దల సాక్షి సంతకాలతో పని కానిచ్చేవారు. అదే సాదా బైనామా.

1955 డిసెంబరు 10న నెహ్రూ గారు డ్యాముకు శంకుస్థాపన చేశారు. 1967 ఆగస్టు 4న ఇందిరాగాంధీ గారు కాలువలకు నీరు వదిలారు. ఎడమ కాలువ కింద భూమి విలువ పెరిగింది, కొనేవారు కోస్తా జిల్లాల నుండి కూడా వచ్చారు. అప్పుడు బయటపడింది అసలు చిక్కు. 1908 రిజిస్ట్రేషన్ చట్టం ప్రకారం నూరు రూపాయలు, ఆపై విలువగల స్థిరాస్తి అమ్మకం రిజిస్టరు కావాలి. తండ్రి కొన్న కాగితం పెట్టెలో ఉన్నా, పహాణీలో పేరు పాత పట్టాదారుదే! ఈ చిక్కు ఎంత కాలం సాగిందంటే, తెలంగాణ ప్రభుత్వం 2016లోను, మళ్లీ 2020లోను సాదా బైనామాల క్రమబద్ధీకరణకు దరఖాస్తులు తీసుకోవలసి వచ్చింది.

కనుక సోదరులు ఈ తేడా గుర్తుంచుకోవాలి. అగ్రిమెంటు అంటే అమ్ముతానన్న ఒప్పందమే. దానితోనే హక్కు రాదు. హక్కు మారేది రిజిస్టరయిన సేల్‌డీడుతోనే. ప్రామిసరీ నోటుకు రెవెన్యూ స్టాంపు ఉండాలి, మామూలుగా మూడేళ్లలోపు దావా వేయాలి. డబ్బిచ్చిన ప్రతిసారీ రసీదు తీసుకోవాలి. చదవనిదే దస్తఖత్ చేయరాదు.

‘మనలో మనకు కాగితమెందుకు, భాయ్?’ అంటారు కొందరు. పవిత్ర ఖురాన్‌లో అన్నిటికన్నా పెద్ద ఆయతు, సూరా బఖరాలోని 282వది, అప్పు వ్యవహారం వ్రాసుకొమ్మని, సాక్షులను పెట్టుకొమ్మని చెప్పేదే. వ్రాసుకోవడం అపనమ్మకం కాదు. రేపు మన పిల్లలు ఒకరి గడప ఒకరు తొక్కగలిగేలా ఉంచేది ఆ కాగితమేనని మా మనవి.