కట్టిన వంతెనను తర్వాత ఎవరు చూస్తారు?

వాగు పొంగితే బడి ఉండదు, ఆసుపత్రి ఉండదు. ఈ సంగతి మన గూడేల్లో ఎవరికీ కొత్తగా చెప్పక్కర్లేదు. అందుకే మనం ఎప్పుడూ వంతెన కావాలనే అడుగుతాం. కట్టిన వంతెన గట్టిగా ఉందో లేదో తర్వాత ఎవరు చూస్తున్నారని మాత్రం అడగం. ఈ రెండో ప్రశ్న వెనుక పెద్ద చరిత్రే ఉంది. హాస్టల్లో సివిల్ చదివే మేం కొందరం కలిసి తెలుసుకున్నది ఇక్కడ రాస్తున్నాం. కాస్త పొడుగ్గా ఉంటుంది, ఓపిగ్గా చదవండి.

అమెరికాలో ఒహైయో నది మీద 1928లో ఒక వంతెన కట్టారు. అల్యూమినియం రంగు వేయడంతో దానికి సిల్వర్ బ్రిడ్జి అని పేరొచ్చింది. దాన్ని మోసేవి తాళ్లు కావు, ఉక్కు పట్టీల గొలుసులు. ప్రతి పట్టీకి రెండు చివర్లా సూది బెజ్జం లాంటి రంధ్రం ఉంటుంది. రంధ్రాల్లో పెద్ద పిన్ను దూర్చి ఒక పట్టీని ఇంకోదానికి కలిపారు. గొలుసులో ఒక్కో లింకుకు రెండే పట్టీలు. ఒకటి తెగితే రెండోది ఆపలేదు.

1967 డిసెంబర్ 15 సాయంత్రం, క్రిస్మస్ ముందు రద్దీలో వాహనాలు నిండుగా ఉన్నప్పుడు ఆ వంతెన కూలిపోయింది. 46 మంది చనిపోయారు. తర్వాత ఇనుమంతా నదిలోంచి తీసి పరీక్షిస్తే, ఒక పట్టీ రంధ్రం లోపలి అంచున పగులు కనిపించింది. దాని లోతు సుమారు రెండున్నర మిల్లీమీటర్లు. దాదాపు నలభై ఏళ్ల తుప్పు, బరువు కలిసి దాన్ని పెంచాయి. వంతెన కట్టిన రోజుల్లో తిరిగిన కార్లకంటే 1967 నాటి కార్లు, లారీలు చాలా బరువైనవి కూడా.

ఇక్కడ ఒక విషయం గమనించాలి. ఉక్కు లోపలి లోపాలను శబ్ద తరంగాలతో పట్టే పరికరానికి ఫ్లాయిడ్ ఫైర్‌స్టోన్ అనే అమెరికా శాస్త్రవేత్త 1940లోనే పేటెంటుకు దరఖాస్తు చేశాడు. అంటే విద్య అప్పటికే ఉంది. కానీ ఈ పగులు పిన్ను చాటున ఉంది, కీలు విప్పితే తప్ప కనపడదు. పైగా, దేశంలోని వంతెనలన్నిటినీ ఇన్నేళ్లకోసారి చూసి తీరాలనే నియమమే అప్పటికి లేదు. అదే నది మీద ఎగువన, సెయింట్ మేరీస్ దగ్గర, ఇదే పద్ధతిలో కట్టిన ఇంకో వంతెన ఉండేది. దాన్ని వెంటనే మూసేసి, 1971లో కూల్చేశారు.

1968లో అమెరికా చట్టం చేసింది, 1971లో తనిఖీ నియమాలు వచ్చాయి. రెండేళ్లకోసారి చూడాలన్నారు. అయితే మొదట అవి కేంద్ర ప్రభుత్వ సాయం అందే రోడ్లకే వర్తించాయి. మిగతా ప్రజా రోడ్ల మీది వంతెనలకు 1978లో గానీ వర్తించలేదు. అంటే పెద్ద రోడ్లు ముందు, ఊళ్ల రోడ్లు తర్వాత.

ఆ తర్వాతి జాగ్రత్తలు కూడా ప్రాణాలు పోయాకే వచ్చాయి. 1983లో కనెక్టికట్‌లో మియానస్ నది వంతెన కూలి ముగ్గురు పోయాక, పిన్నులు, వేలాడే పట్టీల మీద దృష్టి పెట్టారు. 1987లో న్యూయార్క్ రాష్ట్రంలో స్కోహరీ వాగు వరదకు స్తంభం కింది మట్టి కోసుకుపోయి పదిమంది చనిపోయారు. అప్పుడు నీళ్లలోకి దిగి పునాదులు చూడటం తప్పనిసరి చేశారు. వాగుల మధ్య బతికే మనం ఈ చివరిది బాగా గుర్తుపెట్టుకోవాలి.

పగలగొట్టకుండా పరీక్షించడం అంటే ఏంటి? సంతలో కుండ కొనేటప్పుడు వేలితో కొట్టి మోత వింటాం కదా, మూలం అదే. కాంక్రీటును సుత్తితో తట్టి బోలుగా మోగే చోటు వెతుకుతారు. రీబౌండ్ హ్యామర్‌ను స్విట్జర్లాండ్‌కు చెందిన ఎర్నెస్ట్ ష్మిట్ తయారుచేశాడు. అది కాంక్రీటును కొట్టి ఎంత వెనక్కి ఎగిరిందో చూసి పైపొర గట్టిదనం అంచనా వేస్తారు. అల్ట్రాసోనిక్ పరీక్షలో తరంగం కాంక్రీటులోంచి ఎంత వేగంగా పోయిందో కొలుస్తారు. మన దేశంలో 1992లో వచ్చి 2018 వరకు అమల్లో ఉన్న ఐఎస్ 13311 ప్రకారం సెకనుకు 4.5 కిలోమీటర్లు దాటితే చాలా మంచి కాంక్రీటు అనేవారు, 3 కంటే తగ్గితే అనుమానించేవారు. లోపలి ఇనుము ఎక్కడుందో రాడార్‌తో చూస్తారు. అది తుప్పు పడుతోందా అన్నది విద్యుత్ వోల్టేజీ కొలిచి అంచనా వేస్తారు.

యంత్రం ఉంటే అన్నీ తెలిసిపోతాయని కాదు. 2007లో మినియాపొలిస్‌లో కూలిన వంతెనకు తనిఖీలు జరుగుతూనే ఉన్నాయి. అయినా 13 మంది పోయారు. కీళ్ల దగ్గరి పలకలను డిజైన్‌లోనే పలచగా పెట్టారు, ఆ తప్పు తనిఖీల్లో తేలలేదు.

మన దేశానికి వద్దాం. 2016 ఆగస్టు 2 రాత్రి మహారాష్ట్రలోని మహద్ దగ్గర సావిత్రి నది వరదకు బ్రిటిష్ కాలపు రాతి వంతెన కొట్టుకుపోయింది, బస్సులు నదిలో పడ్డాయి. అదే ఏడాది కేంద్రం వంతెనల నిర్వహణ వ్యవస్థ మొదలుపెట్టి జాతీయ రహదారుల వంతెనలు, కల్వర్టుల వివరాలు నమోదు చేయించింది. మంచిదే. కానీ ఇక్కడ కూడా లెక్క మొదలైంది పెద్ద రోడ్ల నుంచే. గూడేనికి పోయే దారిలోని చిన్న కల్వర్టు జాతీయ రహదారి మీద ఉండదు.

అందుకే మనం చేయగలిగింది చేద్దాం. సమాచార హక్కు చట్టం 2005, సెక్షన్ 2(జె) ప్రకారం కాగితాలే కాదు, పనులను స్వయంగా పరిశీలించే హక్కు కూడా మనకుంది. మామూలుగా 30 రోజుల్లో జవాబు ఇవ్వాలి. మీ ఊరి వంతెన పంచాయతీరాజ్‌దో, ఆర్ అండ్ బీదో, గిరిజన సంక్షేమ శాఖదో ముందు కనుక్కోండి. తర్వాత నాలుగే ప్రశ్నలు రాయండి: ఎప్పుడు కట్టారు? చివరిసారి ఎప్పుడు తనిఖీ చేశారు? ఏ పరీక్ష చేశారు? ఏం తేలింది? దరఖాస్తుతోపాటు ఫొటోలు పెట్టండి: బయటపడ్డ ఇనుము, తుప్పు మరకలు, పగుళ్లలో మొలిచిన రావి మొక్కలు, స్తంభం కింద కోసుకుపోయిన మట్టి. వీటిని చూడటానికి ఏ యంత్రమూ అక్కర్లేదు.

చరిత్రలో వంతెనలు కూలాకే లిస్టులు తయారయ్యాయి. మన వాగు మీది వంతెన కూలకముందే లిస్టులోకి ఎక్కాలి. మీ ఊళ్లో ఏది ఎలా ఉందో కింద రాయండి, దరఖాస్తులు కలిసి రాద్దాం.