అడవి దాచిన దస్తావేజులు

కరీంనగరు జిల్లా కుర్క్యాల సమీపమున బొమ్మలగుట్ట అను కొండ ఉన్నది. పదవ శతాబ్దిలో జినవల్లభుడు ఆ రాతిపై చెక్కించిన శాసనములో తెలుగు కందపద్యములున్నవి. మనకు లభించిన కందములలో అవి మిక్కిలి ప్రాచీనములని పండితుల మాట. ఆ జిల్లాలో చరిత్ర వెదకువానికి ఇట్టి రాళ్లు తక్కువ లేవు. గోదావరి దాటి ఆదిలాబాదు అడవులలోనికి పోయినచో సంగతి వేరు. అక్కడి గోండులు, కొలాములు తమ పల్లెల హద్దులను రాళ్లపై చెక్కించుకొనలేదు. వారి చరిత్రను దాచినది అడవి. ఇది కవిత్వము కొరకు అన్న మాట కాదు. ఆ దాచిన తీరు ఎట్టిదో పరిశీలింపవచ్చును.

అన్నిటికంటె పాత పుట నేలక్రింద ఉన్నది. రామగుండము, మందమర్రి, బెల్లంపల్లి ప్రాంతముల బొగ్గు 25 కోట్ల సంవత్సరములకు పూర్వపు అడవియే. ఆ కాలపు ఆకుల అచ్చులు బొగ్గుపొరల నడుమ నేటికిని చెక్కుచెదరక దొరకుచున్నవి. ఇట్టి శిలలకు 1872లో మెడ్లికాట్ అను భూగర్భశాస్త్రజ్ఞుడు గోండుల పేరిట ‘గోండ్వానా’ అని నామకరణము చేసినాడు. ఆఫ్రికా, ఆస్ట్రేలియా, అంటార్కిటికాలతో మన దేశము కలిసియున్న నాటి మహాఖండమునకు కూడ తరువాత ఆ పేరే స్థిరపడినది. ఒక మహాఖండమునకు పేరిచ్చిన జాతికి ఐదెకరముల పట్టా దొరకుట దుర్లభమైన కాలమొకటి వచ్చినది. ఆ సంగతికి ముందుకు వత్తము.

నేలపై నిలిచిన టేకుచెట్టు కూడ లెక్క వ్రాయును. వేసవిలో ఆకు రాల్చి, వానలకు చిగిర్చి, ఏటికొక వలయము చొప్పున మానులో పేర్చుకొనును. మంచి వానలు పడిన యేడు వలయము వెడల్పు. కరవు యేడు సన్నము. ఉష్ణదేశపు వృక్షములలో ఇంత స్పష్టముగా లెక్క పెట్టునవి కొద్ది. పూనాలోని వాతావరణ పరిశోధనాలయమువారు కేరళ టేకుమానులలో 1481 మొదలు 2003 వరకు, అనగా 523 సంవత్సరముల వలయములు చదివి, అనావృష్టి జాడలు గుర్తించినారు. కాని టేకుచెట్టునకు వాన తెలియును, మనిషి పేరు తెలియదు.

మనిషి పేరు తెలిసినవారు పరధానులు. వీరు గోండులకు వంశపారంపర్యముగా గాథలు వినిపించువారు. చేత కిక్రి అను తంత్రీవాద్యము పట్టి, గుహలో బందీలైన దేవతలను పహండి కుపార్ లింగల్ విడిపించిన వృత్తాంతము, గోండులు నాలుగు సగలుగా ఏర్పడిన క్రమము గానము చేయుదురు. ఎవరికి ఎవరు సోదరులో, ఎవరితో వియ్యము పొసగునో ఆ గాథయే నిర్ణయించును. ఇందులో ఒక చిత్రమున్నది: ఆదిలాబాదు పరధానుల ఇంటి భాష మరాఠీ. గోండుల చరిత్రను గోండీలో కాపాడినది గోండీ మాతృభాష కానివారు! నార్నూరు ప్రాంతపు గుంజాల గ్రామమున గోండీ లిపిలో వ్రాతప్రతులు కూడ వెలుగులోనికి వచ్చినవి. ఆ లిపి 2018లో యూనికోడ్‌లో చేరినది.

ఇక చెట్లు. నిర్మల పట్టణమున ‘వెయ్యి ఉరుల మర్రి’ ఉండెడిది. 1860లో రాంజీగోండును, అతని అనుచరులు వేయిమందిని దాని కొమ్మలకు ఉరితీసినారని జనశ్రుతి. ఆ సంఖ్యను గూర్చి చరిత్రకారులు వాదించుకొనవచ్చును. చెట్టు నిలిచియున్నంతకాలము ఆ పేరును మాత్రము ఎవరును మరువలేదు. 1995లో గాలివానకు అది కూలినది. కేస్లాపూరులో మెస్రం వంశీయుల మర్రిచెట్లు ఇంకను ఉన్నవి. ఏటేట పుష్యమాసమున హస్తినమడుగు నుండి గోదావరి నీరు కాలినడకన తెచ్చి, నాగోబా పూజకు ముందు వారు ఆ మర్రుల క్రిందనే విడిది చేయుదురు.

గోండుల సేద్యపు తీరు తెలియనిదే ఈ చెట్ల విలువ తెలియదు. కొండవాలు తేలికనేల రెండు మూడేండ్లు పండి అలసిపోవును. దానిని బీడుగా విడిచి, మరొకచోట సాగుచేసి, కొన్నేండ్లకు మరల అక్కడికే వత్తురు. పొలము కొట్టునపుడు ఇప్పచెట్టును నరకరు. పాతపొలము ఎవరిదో చెప్పుటకు ఇప్పచెట్టు, పాతపల్లె ఎక్కడిదో చెప్పుటకు దేవుని చెట్టు, పూర్వుల సమాధులు ఉండును. నిజాము ప్రభుత్వపు అటవీశాఖ రిజర్వు గీతలు గీచినపుడు ఈ సాక్ష్యమును చదువలేదు. బీడుపడిన పొలమును వట్టి అడవి అని వ్రాసికొన్నది. తిరిగివచ్చిన రైతు తన పొలములోనే ఆక్రమణదారుడైనాడు. జోడెఘాట్ కొండలలో కుమ్రం భీము తిరుగబడి 1940లో తుపాకిగుండ్లకు నేలకొరిగినది ఈ భూమి కొరకే.

మరుసటి యేడు ఆస్ట్రియా దేశీయుడైన మానవశాస్త్రజ్ఞుడు హైమన్‌డార్ఫ్ ఆదిలాబాదు వచ్చినాడు. మార్లవాయిలో కాపురముండి, పరధానుల గాథలు వ్రాసికొని, భూముల అన్యాయమును ప్రభుత్వమునకు నివేదించినాడు. గోండులకు పట్టాలు కొన్ని దొరకినవి. పల్లె లెక్కను కాగితమునకెక్కించు ఓపిక ఉన్న మనిషి ఒక్కడు వచ్చినందువలన అంత మేలు జరిగినది.

2006 నాటి అటవీహక్కుల చట్టమునకు 2008లో నిబంధనలు వచ్చినవి. వానిలో పదమూడవది చదువదగినది. సర్కారు కాగితములతో పాటు బావులు, శ్మశానములు, పూజాస్థలములు, పవిత్ర వృక్షములు, వంశక్రమము, పెద్దలు చెప్పగా వ్రాసికొన్న వాఙ్మూలము — ఇవన్నియు సాక్ష్యములని అందున్నది. ఐతే ఒక్కటి చాలదు, ఒకటికి మించి చూపవలెనని కూడ ఆ నిబంధనయే కోరుచున్నది. కావున చెట్టు ఒక్కటే చాలదు. ఆ చెట్టు ఎవరిదో చెప్పగల ముసలివాడు కూడ బ్రతికియుండవలెను.