శ్వేత సౌధపు మరమ్మతు

ఇల్లు కట్టి చూడు, పెళ్ళి చేసి చూడు అన్నారు పెద్దలు. పెళ్ళి అయిదు రోజులలో ముగియును. ఇంటి పని మాత్రము ఎన్నడు ముగియునో చెప్పగలవారు లేరు. సున్నము వచ్చిన నాడు మేస్త్రీ రాడు. మేస్త్రీ వచ్చిన నాడు కలప అందదు. రెండును కుదిరిన నాడు వాన పట్టుకొనును. ఇట్టి సమయమున తలచుకొనుటకు మనకు రెండు సామెతలున్నవి. నిదానమే ప్రధానమని ఒకటి. ఆలస్యము అమృతమును విషము చేయునని మరియొకటి. రెండును పెద్దల మాటలే. కాని గోడలు విప్పిన తరువాత పని నిలిచిపోయిన యింటి యజమాని ఈ రెంటిలో దేనిని నమ్మవలెను?

ఈ ప్రశ్నకు సమాధానము చెప్పగల ఇల్లొకటి చరిత్రలో కలదు. అది అమెరికా అధ్యక్షులు నివసించు శ్వేత సౌధము. ఆ యింటికి అధికారమునకు గాని, ఇంజనీర్లకు గాని కొదువ లేదు. అయినను 1948 నవంబరులో ఇల్లు విడిచిన అధ్యక్షుడు హారీ ట్రూమన్, 1952 మార్చి 27వ తేదీ వరకు, అనగా మూడేండ్ల నాలుగు నెలలకు పైగా, వీధి కావలనున్న బ్లెయిర్ హౌసులో కాపురముండవలసి వచ్చినది.

కథ 1948లో మొదలైనట్లు కనబడును. ఆ సంవత్సరారంభమున, క్రింది గదిలో అతిథులుండగా, పైకప్పునుండి వ్రేలాడు గాజుదీపముల గుత్తి ఊగులాడుట ట్రూమన్ దంపతుల దృష్టికి వచ్చినది. నడచినచో నేల కదలుచుండెను. ఆ వేసవిలో ఆయన కుమార్తె మార్గరెట్ గదిలోని పియానో కాలు నేలపలకలను చీల్చుకొని క్రిందికి దిగబడినది. ఇంజనీర్లు గోడలను విప్పి చూచి, మేడపై కాపురము క్షేమము కాదని తేల్చినారు. ఆ యేడాదియే ట్రూమన్ తనకు ముచ్చటైన వసారా నొకదానిని దక్షిణపు వైపున రెండవ అంతస్తుకు కట్టించుకొనియుండిరి. దానిపై కూర్చుండు భాగ్యము ఆయనకు కొన్ని నెలలు మాత్రమే దక్కినది.

అయితే ఆ దూలములు ఒక్క యేటిలో కుంగినవి కావు. ఆ కారణము తెలియవలెనన్న మనము వెనుకకు పోవలెను. 1792 అక్టోబరు 13న ఈ భవనమునకు పునాదిరాయి పడినది. శిల్పి జేమ్స్ హోబన్. రాళ్ళు తీసినవారిలోను, మోసినవారిలోను బానిసలుగా బ్రతికిన నీగ్రోజాతి శ్రామికులు అనేకులు. ఎనిమిదేండ్లు గడచి 1800 నవంబరులో అధ్యక్షుడు జాన్ ఆడమ్స్ గృహప్రవేశము చేయునాటికిని పని పూర్తి కాలేదు. ఆయన భార్య అబిగెయిల్, పూత పూయని పెద్ద సభాశాలలో త్రాళ్ళు కట్టించి ఉతికిన బట్టలు ఆరవేయించినది. సగము కట్టిన ఇంటిలో కాపురము పెట్టిన గృహిణులందరికిని ఆమె పెద్దముత్తైదువ యని చెప్పవచ్చును.

1814 ఆగస్టు 24న ఆంగ్ల సేనలు ఆ ఇంటికి నిప్పు పెట్టినవి. గోడలు మాత్రము మిగిలినవి. రాజధాని నిలిచినదని లోకమునకు చూపవలెనను ఆతురతతో మూడేండ్లలోనే, 1817లో, భవనమును మరల నిలబెట్టినారు. పని త్వరగా తెమలుటకై లోపలి అడ్డుగోడలు కొన్నింటిని ఇటుకకు మారు కలపతో కట్టినారు. పైన సున్నపు పూత పడిన పిమ్మట ఇటుక యేదో కలప యేదో ఎవరికి తెలియును?

తరువాత వచ్చిన సౌకర్యములన్నియు ఆ కలప మీదనే వచ్చి పడినవి. 1833లో నీటి గొట్టములు, 1848లో గ్యాసు దీపములు, 1891లో విద్యుత్తు వచ్చినవి. ప్రతిసారియు పనివారు దారి కొరకు దూలములను తొలిచిరి, కోసిరి. 1902లో థియొడోర్ రూజ్‌వెల్టు కాలమున భోజనశాలను పెంచుటకు గోడను తొలగించి, పెక్కు మార్పులు చేసి, అంతయు కొలది మాసములలో ముగించినారు. 1927లో కూలిడ్జి కాలమున ఉక్కు, కాంక్రీటులతో మూడవ అంతస్తును సిద్ధము చేసి ఆ బరువును పాత గోడల తలపై మోపినారు. ఒక్కొక్క పనియు తన గడువులోనే ముగిసినది. ఆ గడువులన్నింటికిని వడ్డీతో కూడ చెల్లించవలసినవాడు ట్రూమన్ అయినాడు.

ఇక మరమ్మతు సంగతి. ఇల్లు ఖాళీ చేసినది 1948 నవంబరులో. కంట్రాక్టరు పని ప్రారంభించినది 1949 డిసెంబరు 13న. నడుమ ఏడాది కాలము ఒక్క ఇటుకయు కదలలేదు. దూరమునుండి చూచువారికి అది వట్టి జాప్యముగానే తోచియుండును. కాని ఆ ఏడాదిలోనే అన్నింటికంటె ముఖ్యమైన పని జరిగినది. భవనమును నేలమట్టము చేసి క్రొత్తది కట్టుటయా, రాళ్ళను విప్పి మరల పేర్చుటయా, లేక వెలుపలి గోడలను నిలిపి లోపలి భాగమును మాత్రమే తీసివేయుటయా అని కాంగ్రెసు నియమించిన సంఘము తర్కించినది. కూల్చుటయే సులభము. అయినను, తగలబడియు నిలిచిన ఆ గోడలను విడువరాదని మూడవ మార్గమునే నిశ్చయించినది.

అప్పుడు ఆ ఇల్లు వట్టి గుల్ల అయినది. నాలుగు గోడలు, వానిని పట్టి నిలిపిన ఇనుప కమ్ములు, నడుమ మట్టి. లోపల త్రవ్వుటకు బుల్‌డోజరు కావలసివచ్చినది. దానికొరకు గోడకు పెద్ద కంత చేయుటకు ట్రూమన్ ఒప్పుకొనలేదు. యంత్రమును ముక్కలుగా విప్పి లోనికి చేర్చి మరల బిగించినారు. పాత పునాది మెత్తని నేలపై నిలిచియుండుటచే, గోడల క్రింద కొంచెము కొంచెముగా త్రవ్వుచు సుమారు 25 అడుగుల లోతువరకు కాంక్రీటు ఆధారములు దింపినారు. పిదప లోపల ఉక్కు చట్రము లేచినది.

ఇంతలో రెండవ రకపు ఆలస్యము ఎదురైనది. 1950 జూనులో కొరియా యుద్ధము వచ్చినది. ఉక్కుకును పనివారికిని కరవు ఏర్పడినది. 54 లక్షల డాలర్ల అంచనా సుమారు 57 లక్షలకు పెరిగినది. ఆ నవంబరు 1న ట్రూమన్‌ను చంపుటకు ఇద్దరు సాయుధులు బ్లెయిర్ హౌసు ముంగిటికే వచ్చినారు. ఆయనను కాపాడుచు లెస్లీ కాఫెల్టు అను కాపలాదారు ప్రాణము విడిచినాడు. వీధిప్రక్కన నున్న బ్లెయిర్ హౌసులో అధ్యక్షుని కాపురము ఎంత అపాయకరమో ఆ దినమున తెలిసినది. ఆలస్యమునకు మనము చెల్లించు మూల్యము అద్దె మాత్రమే కాదు. 1951లో అతిథిగా వచ్చిన రాకుమారి ఎలిజబెత్‌కు కూడ ఆ చిన్న ఇంటిలోనే బస యేర్పరచినారు.

చివర నిజముగా తొందర పుట్టినది. ట్రూమన్ పదవీకాలము 1953 జనవరితో తీరును. ధనము అడుగంటినది. పాత చెక్కడపు పనులను విప్పి భద్రము చేసినను, వానిలో చాల భాగము తిరిగి గోడ కెక్కలేదు. వాని స్థానమున క్రొత్త పోత నమూనాలు వచ్చినవి. గదుల అలంకరణను న్యూయార్కులోని పెద్ద దుకాణమొకటి అసలు ధరకు సమకూర్చినది. 1952 మే 3న ట్రూమన్ స్వయముగా టెలివిజనులో ప్రజలకు ఇల్లు చూపించినారు. కాని తొమ్మిదేండ్లు తిరుగకముందే, 1961లో, అధ్యక్షుని సతి జాక్వెలిన్ కెనడీ ఆ అలంకరణను మార్చి, ప్రాచీన వస్తువులను వెదకి తెప్పించుటకు పూనుకొనవలసి వచ్చినది. నిదానముగా దింపిన పునాదియు, ఉక్కు చట్రమును మాత్రము నేటికిని ఆ ఇంటిని మోయుచున్నవి.

ఇందునుండి మన సామెతలు రెంటికిని తావు దొరకుచున్నది. పూత క్రిందికి పోవు పనులున్నవి: పునాది, దూలము, గొట్టము, తీగ. ఇవి ఒకసారి మూతపడిన తరువాత మరల కంటికి కనబడవు. అచ్చట పట్టు ఆలస్యము నిదానమే. దానికి మనము నొచ్చుకొనరాదు, మేస్త్రీని తొందరపెట్టరాదు. ఇక నిర్ణయించిన పనికి సామాను తేకపోవుట, చేతిలో ధనము లేక పని మధ్యలో నిలుపుట, ఇవి విషమైన ఆలస్యములు. వీనిని గోడ విప్పకముందే ఊహించుకొనవలెను. మేస్త్రీ మరి పదిదినములు కావలెననినప్పుడు ఎన్ని దినములని అడుగుటకు ముందు, ఆ పని పూత క్రిందిదా, పూత పైదా అని అడిగిన చాలును.

ట్రూమన్ తిరిగివచ్చిన పిమ్మట ఆ ఇంటిలో పది నెలలైనను పూర్తిగా ఉండలేదు. 1953 జనవరి 20న తాళపుచెవులు మరియొకరికి అప్పగించి తన ఊరికి వెళ్ళిపోయినారు.